పావురం తిరిగి రాలేదు, అయితే ఏంటట?

యూట్యూబ్‌లో ‘ఏంజెల్స్ ఎగ్’ అనే పాత జపాన్ యానిమేషన్ సినిమా కోసం వెతికితే అసలు సినిమా కన్నా దాని అర్థం విప్పి చెప్పే వీడియోలే ముందు తగులుతాయి. గుడ్డంటే విశ్వాసం. ఆ గుడ్డుని దాచుకు తిరిగే పిల్లంటే అమాయకత్వం. శిలువ ఆకారంలో ఉన్న ఆయుధాన్ని భుజాన మోసుకు తిరిగేవాడు క్రీస్తు, కాకపోతే క్రీస్తుని వదిలేసినవాడు. చేపలంటే దేవుడు. పదో తరగతి గైడులో పద్యానికి ప్రతిపదార్థం రాసినట్టు వరసగా రాసుకుంటూ పోయి, చివర్లో తాత్పర్యం: దర్శకుడికి దేవుడి మీద నమ్మకం పోయింది, అందుకే ఈ సినిమా తీశాడు. అయిపోయింది, మార్కులు వేసేయొచ్చు.

దీనికి సరిగ్గా ఎదురుగా ఇంకో వర్గం ఉంది. అర్థం గిర్థం అడక్కండి, అదంతా మూడ్, లైట్లు ఆర్పి హెడ్‌ఫోన్స్ పెట్టుకుని అందులో మునిగిపోండి అంటారు వీళ్ళు. వినడానికి బాగానే ఉంటుంది. కానీ ఈ మాట ఆక్వేరియం వీడియో గురించి కూడా చెప్పొచ్చు.

నాకు ఇద్దరితోనూ పేచీ ఉంది. ఇది మూడ్ కోసం అల్లిన బొమ్మల వరస కాదు, దీని లోపల గట్టి తర్కం ఉంది. అయితే ఆ తర్కం గుడ్డుకో చేపకో అర్థం అంటించడంలో దొరకదు. కబురు రాని చోట మనుషులు ఎలా బతుకుతారు, ఎంతకాలం ఎదురుచూస్తారు, ఎదురుచూసీ చూసీ ఏమైపోతారు అన్నది దీని విషయం. ఆ ఎదురుచూపుని మాటల్లో చెప్పకుండా మన చేతే చేయిస్తుంది. అందుకే అది నెమ్మదిగా ఉంటుంది.

చూడనివాళ్ళ కోసం కొంచెం వెనక్కి వెళ్తాను. జపాన్‌లో 1985 డిసెంబర్‌లో వచ్చింది ఇది. అక్కడి పేరు ‘తెన్షి నొ తమాగో’, అంటే దేవదూత గుడ్డు. నిడివి 71 నిమిషాలు. దర్శకుడు మమోరు ఒషీ, బొమ్మల రూపకల్పన యొషితక అమానో. ‘ఫైనల్ ఫాంటసీ’ గేముల బొమ్మలతో తర్వాత ప్రపంచమంతా తెలిసిన అమానోయే ఈయన. టీవీలో వేయడానికి కాకుండా, వీడియో క్యాసెట్‌గా అమ్మడానికే తయారైన రకం ఇది. ఈ రకాన్ని జపాన్‌లో ఓవీఏ అంటారు. మొట్టమొదటి ఓవీఏ 1983లో వచ్చిన ‘డల్లోస్’, దాని దర్శకుల్లోనూ ఒషీ ఉన్నాడు.

ఈ క్యాసెట్ల సంగతి ఎందుకు చెప్తున్నానంటే, అది లేకపోతే ఈ సినిమాయే లేదు. అప్పట్లో టీవీ యానిమేషన్‌కి డబ్బులు పెట్టేవాళ్ళలో బొమ్మల కంపెనీలు చాలా ముఖ్యం. రోబో వచ్చిందా, ఆ రోబో బొమ్మ దుకాణంలో అమ్ముడుపోయిందా అన్నది లెక్క. థియేటర్ సినిమా అయితే హాళ్ళు నిండాలి. క్యాసెట్‌కి ఆ బాధ తక్కువ. కొద్దిమంది అభిమానులు ఎక్కువ ధర పెట్టి కొనుక్కుంటే చాలు. ఆ కొద్దిపాటి సందులోంచి, ఏ బొమ్మా అమ్మే ఉద్దేశం లేని ఇలాంటిది బయటికి వచ్చింది. డబ్బులు పెట్టింది తొకుమా షోతెన్ అనే ప్రచురణ సంస్థ. పేరున్న యానిమేషన్ దర్శకుడు మియజకి తీసిన ‘నౌసికా’ సినిమా వెనక ఉన్నదీ, అదే 1985లో ఆయన జిబ్లీ స్టూడియో పుట్టడానికి అండగా నిలిచిందీ కూడా వాళ్ళే. ఒకే ఇంటి నుంచి, ఒకే ఏడాది, ఒకటి అటు ఒకటి ఇటు.

ఒషీకి ఇది కలిసిరాలేదు. అంతకు ముందే ‘ఉరుసే యాత్సురా’ అనే హాస్య యానిమేషన్ సిరీస్ రెండో సినిమాతో 1984లో మంచి పేరు తెచ్చుకున్నాడు. ఆ తర్వాత ఒప్పుకున్న ‘లుపిన్’ అనే దొంగ కథల సినిమా మధ్యలో ఆగిపోయింది. దాని కోసం ఆలోచించి పెట్టుకున్న దేవదూత శిలాజం ఊహ ఇందులోకి వచ్చి చేరింది. ఈ క్యాసెట్ వచ్చాక కొన్నేళ్ళు ఆయనకి పని దొరకడమే కష్టమైంది. ఆయనకి ప్రపంచమంతా పేరు తెచ్చిన ‘గోస్ట్ ఇన్ ది షెల్’ 1995లో గానీ రాలేదు.

ఇక కథ. పేరు లేని పాడుబడ్డ ఊరు. రాతి వీధులు, ఎత్తైన కిటికీలు, వెలుగుతూనే ఉన్న వీధి దీపాలు, మనుషులు మాత్రం లేరు. తెల్లని జుట్టున్న ఒక చిన్న పిల్ల గౌను లోపల, పొట్టకి ఆనించి పెద్ద గుడ్డొకటి దాచుకుని తిరుగుతూ ఉంటుంది. దూరం నుంచి చూస్తే నెలలు నిండిన మనిషిలా కనిపిస్తుంది. ట్యాంకుల్లాంటి వింత బండ్లు వీధిలోంచి వరసగా పోతుంటే ఒకదాని మీంచి ఒక యువకుడు దిగుతాడు. చేతులకి కట్లు, భుజాన ఆ ఆయుధం. పిల్ల భయపడి పారిపోతుంది. తర్వాత ఆమె చూడని సమయంలో ఆ గుడ్డు అతని చేతికి వస్తుంది. అతను దాన్ని ఉంచుకోడు, తెచ్చి ఆమె చేతికే ఇచ్చి, విలువైనవి కడుపులో పెట్టుకోకపోతే పోగొట్టుకుంటావు అని హెచ్చరిస్తాడు. అందులో ఏముందని అడుగుతాడు. పిల్ల చెప్పదు. గుడ్డుని పగలగొడితే గానీ లోపలేముందో తెలియదంటాడు. లోపల పక్షి ఉందని ఆ పిల్ల నమ్మకం. ఇద్దరూ కలిసి నడుస్తారు. రాత్రి పిల్ల నిద్రపోయాక అతను దాన్ని పగలగొట్టి వెళ్ళిపోతాడు. పొద్దున పిల్ల గుండె పగిలేలా అరుస్తుంది. ఇంత మటుకే. మాటలన్నీ కలిపినా కొద్ది పేజీలు.

టీవీలో వచ్చే జపాన్ యానిమేషన్ ఎపిసోడ్ ఒక్కోటి ఇరవై రెండు నిమిషాలకి కాస్త అటూ ఇటూ ఉంటుంది. అందులో షాట్లు దాదాపు 300 ఉంటాయి. ఈ 71 నిమిషాల సినిమా మొత్తంలో ఉన్నవి సుమారు 400. ఆ తేడా ఒక్కటి చాలు ఇది ఎంత నెమ్మదిగా ఉంటుందో చెప్పడానికి. ఇక్కడో చిన్న సంగతి. యానిమేషన్‌లో కదలని బొమ్మ చూపిస్తే డబ్బు మిగులుతుంది. టీవీ వాళ్ళు చేసేదీ అదే, నోరొక్కటి కదిపి మిగతా మొహం అలాగే ఉంచుతారు. ఈ సినిమాలో నిశ్చలం ఆ పొదుపు బాపతు కాదు. పిల్ల జుట్టు చూడండి. అమానో కలంతో గీసే జుట్టు పోగులు పోగులుగా, పొగలా ఉంటుంది. దాన్ని బొమ్మ బొమ్మకీ గీసి కదిలించడమంటే యానిమేటర్లకి నరకం. యానిమేషన్ డైరెక్టర్ యసుహిరో నకురా ఆ నరకానికి ఒప్పుకున్నాడు. గాలి వీచినప్పుడల్లా ఆ జుట్టు విడివిడిగా కదులుతుంది. అంత పని చేసినవాళ్ళు, కావాలనుకున్న చోట ఏమీ కదపకుండా వదిలేశారు.

ఆ చోటు ఏదంటే, పిల్ల నిద్రపోయే రాత్రి. పక్కన మంట. అతను కూర్చుని ఉంటాడు. కెమెరా దూరంగా, కదలకుండా. పిల్ల మంచం మీద, మనిషి నేల మీద, మధ్యలో మంట వెలుగు గోడ మీద ఆడుతూ ఉంటుంది. ఎంతకీ షాట్ మారదు. మొదట మనం బొమ్మ చూస్తాం. తర్వాత మంట చప్పుడు వింటాం. తర్వాత వీడియో ఆగిపోయిందేమోనన్న అనుమానం వస్తుంది. ఆ అనుమానం కూడా దాటాక టెన్షన్ మొదలవుతుంది, ఎందుకంటే అతను ఏం చేయబోతున్నాడో అప్పటికి మనకి తెలిసిపోతుంది. ఆ పని జరగాలని చూస్తున్నామా, జరగకూడదని చూస్తున్నామా? మంట చిన్నదవుతూ వస్తుంది. ఈ ఒక్క షాట్‌ని ఫాస్ట్ ఫార్వర్డ్ చేసినవాళ్ళు సినిమా చూడనట్టే అని నా గట్టి అభిప్రాయం.

చప్పుడు గురించి ఒక్క మాట. యొషిహిరో కన్నో సంగీతంలో గుంపుగా పాడే గొంతులు పెద్దగా లేచి, ఉన్నట్టుండి ఆగిపోతాయి. ఆగిన చోట నీళ్ళ చప్పుడే మిగులుతుంది. ఆ పిల్ల గాజు సీసాలు ఏరి, వాటిలో నీళ్ళు పడుతుంది. సీసా మూతి నీట మునిగినప్పుడు బుడబుడమనే చప్పుడు ఈ సినిమాలో డైలాగుకన్నా ఎక్కువ సార్లు వినిపిస్తుంది. తర్వాత ఎప్పుడో మెట్ల పక్కన అవే సీసాలు వరసగా పేర్చి ఉండటం చూస్తాం. ఎన్నో ఉంటాయి. వాటి గురించి పిల్ల ఏమీ వివరించదు. మనకే తడుతుంది, ఆమె ఎంతకాలంగా ఇక్కడ ఒంటరిగా ఉందో.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. సినిమా మధ్యలో ఆ మనిషి నోవహు ఓడ కథ చెప్తాడు. బైబిల్ వాక్యాలనే దాదాపుగా అప్పజెప్తాడు. గుంటూరులో మిషన్ స్కూల్లో చదువుకున్న నాకూ, సండే స్కూలుకి వెళ్ళిన ఏ తెలుగు పిల్లాడికైనా నోటికొచ్చిన కథే ఇది. ఆదికాండం 8వ అధ్యాయంలో నోవహు ముందు కాకిని వదులుతాడు. తర్వాత పావురాన్ని. మొదటిసారి దానికి కాలు మోపే చోటు దొరక్క తిరిగొస్తుంది. ఏడు రోజులాగి మళ్ళీ వదిలితే ఒలీవ ఆకు ముక్కున కరుచుకొస్తుంది. మరో ఏడు రోజులాగి వదిలితే ఇక తిరిగి రాదు.

అక్కడ ఆగండి. బైబిల్లో పావురం తిరిగి రాకపోవడం శుభవార్త. నేల బయటపడింది, దానికి ఉండటానికి చోటు దొరికింది, అందుకే రాలేదు. ఈ సినిమాలో మనిషి సరిగ్గా ఆ వాక్యం దాకా దాదాపు బైబిల్ మాటల్లోనే వచ్చి, అక్కడి నుంచి దారి మళ్ళిస్తాడు. పక్షి ఎక్కడ వాలిందో, అలసిపోయి నీళ్ళలో పడిపోయిందో ఎవరికీ తెలియలేదంటాడు. ఓడలోవాళ్ళు ఎదురుచూశారు. ఎదురుచూసి విసిగిపోయారు. పక్షిని వదిలిన సంగతి మర్చిపోయారు. అసలు పక్షి ఉండేదన్న సంగతీ, నీళ్ళ కింద ఒక లోకం ఉన్న సంగతీ మర్చిపోయారు. జంతువులు రాళ్ళయిపోయాయి.

ఈ మలుపు ఎంత తెలివైనదో నాకు చాలా ఆలస్యంగా తట్టింది. కథలో జరిగినది ఒక్కటీ మారలేదు. రెండింట్లోనూ పక్షి రాలేదు. మారింది ఆ రాకపోవడాన్ని అర్థం చేసుకున్న తీరు. ఒకరికి అది నేల దొరికిందనడానికి గుర్తు, ఇంకొకరికి గుర్తు రాలేదనడానికి గుర్తు. అంటే ఆ ఓడలో ఉన్నవాళ్ళకి కబురు అప్పటికే వచ్చేసి ఉండొచ్చు. వాళ్ళు ఇంకో కబురు కోసం కూర్చుని రాళ్ళయి ఉండొచ్చు. లేదా పక్షి నిజంగానే చచ్చిపోయి ఉండొచ్చు. రెండూ బయటి నుంచి ఒకేలా కనిపిస్తాయి. నమ్మకం పోగొట్టుకున్నవాడి సినిమా అని తాత్పర్యం రాసేవాళ్ళు ఈ రెండో దాన్నే ఖాయం చేసేస్తారు. సినిమా ఖాయం చేయలేదు. చేసి ఉంటే ఆ కథని సరిగ్గా ఆ వాక్యం దగ్గరే విరవాల్సిన అవసరం ఏముంది?

చేపల సంగతి కూడా ఇలాంటిదే. రాతి బొమ్మల్లా నిలబడి ఉన్న జాలర్లు ఉన్నట్టుండి ప్రాణం వచ్చినట్టు పరిగెత్తడం మొదలుపెడతారు. ఇళ్ళ గోడల మీద పెద్ద పెద్ద చేపల నీడలు ఈదుతూ పోతుంటాయి. చేపలు లేవు, నీడలే. జాలర్లు వాటి మీదకి ఈటెలు విసురుతారు. ఈటెలు కిటికీ అద్దాలకీ గోడలకీ తగులుతాయి, నీడలు మాత్రం సాఫీగా ముందుకి పోతాయి. చచ్చిన దేవుణ్ణి వెంటాడే మతం అని దీనికి ప్రతిపదార్థం. కానీ ఆ నీడలు ఏ చేపవో చూడండి. సీలకాంత్. కోట్ల ఏళ్ళ కిందట డైనోసార్లతో పాటే అంతరించిపోయిందని శాస్త్రవేత్తలంతా తీర్మానించుకున్న చేప. 1938లో దక్షిణాఫ్రికా తీరంలో ప్రాణంతో వలలో పడింది. లేదనుకున్నది ఉంది. ఒషీ ఏ సొరచేపనో పెట్టి ఉంటే ఈ వాదన నేను చేసేవాణ్ణి కాదు.

మనకి ప్రళయమూ చేపా అనగానే ఇంకోటి గుర్తుకొస్తుంది. భాగవతం అష్టమ స్కంధంలో సత్యవ్రతుడి దోసిట్లోకి వచ్చిన చిన్న చేప, పాత్ర పట్టక, చెరువు పట్టక, సముద్రమంత అయ్యి, చివరికి ఓడని తన కొమ్ముకి కట్టించుకుని నడిపిస్తుంది. అక్కడ కబురు తేవడానికి పక్షి అక్కర్లేదు, దేవుడే ఓడ ముందు ఈదుతున్నాడు. ఈ పోలికని ఒషీ నెత్తిన రుద్దే ఉద్దేశం నాకు లేదు, ఆయన చూస్తున్నది పూర్తిగా వేరే ప్రళయం. అయితే మత్స్యావతారం వింటూ పెరిగినవాళ్ళకి గోడ మీద చేప ఆకారం ఉండి చేప లేకపోవడం కొంచెం ఎక్కువగానే గుచ్చుకుంటుంది.

సినిమాలో నాకు నచ్చనివీ ఉన్నాయి. ఆ ఓడ కథ చెప్పే తీరు మరీ పాఠంలా ఉంటుంది. అంతసేపు బొమ్మలతో నడిపినవాడు ఉన్నట్టుండి మనిషిని నిలబెట్టి చదివించేశాడు. ట్యాంకుల వరస అమానో కలం గొప్ప చూపించడానికి పెట్టినట్టుంది తప్ప తర్వాత ఎక్కడా అక్కరకు రాదు.

మాటలు తక్కువైతే పక్కవాళ్ళకి చేతులు ఊరుకోవు. 1988లో అమెరికాలో న్యూ వరల్డ్ పిక్చర్స్ వాళ్ళు దీని బొమ్మల్ని ముక్కలుగా కోసి, మామూలు నటులతో తీసిన ప్రళయం తర్వాతి కథ మధ్యలో అతికించి, పాత్రలకి కొత్త మాటలు పెట్టి ‘ఇన్ ది ఆఫ్టర్‌మాత్’ అని వదిలారు. అందులో గుడ్డుకి మనుషుల్ని కాపాడే పని అప్పగించారు. ఇప్పుడు దొరికితే సరదాకి చూడండి. గుడ్డులో ఏముందో చెప్పేస్తే ఆ గుడ్డుతో ఇక పనేమీ ఉండదని అంత బాగా నిరూపించిన సినిమా ఇంకోటి లేదు.

2025లో, నలభై ఏళ్ళ సందర్భంగా, ఒషీ దగ్గరుండి చేయించిన 4కె ప్రింటు కాన్స్ చిత్రోత్సవంలో వేశారు. నవంబర్‌లో అమెరికా థియేటర్లకి వచ్చింది. ఆ ఏడాదే సెప్టెంబర్‌లో మన దగ్గర ‘డీమన్ స్లేయర్’ తెలుగు డబ్బింగ్‌తో హాళ్ళలోకి దిగింది. జపాన్ యానిమేషన్ అంటే ఆ కత్తులూ ఆ వేగమూ అనుకునే మా బాబాయి కొడుకు ఒకడు డాలస్‌లో ఉంటాడు. నా మాట మీద టికెట్ కొని వెళ్ళాడు. రాత్రి పదకొండుకి నాకు ఫోను.

“అన్నయ్యా, పిల్ల నడుస్తూనే ఉంది. మధ్యలో ఇద్దరు లేచి వెళ్ళిపోయారు.”

“నువ్వు వెళ్ళలేదుగా?”

“టికెట్ కొన్నాను కదా. సరే గానీ, నీకు ఆ పిల్ల మీద జాలి. నాకు వాడిదే కరెక్ట్ అనిపించింది. పగలగొట్టకుండా లోపల ఏముందో ఎలా తెలుస్తుంది? ఎన్నాళ్ళు మోస్తుంది పాపం?”

వాడు సాఫ్ట్‌వేర్ టెస్టింగ్‌లో పని చేస్తాడు. పగలగొట్టి చూడటమే వాడి ఉద్యోగం. అయినా ఆ మాటని కొట్టిపారేయలేను, ఎందుకంటే సినిమాలో వాడి పక్షాన బలమైన సాక్ష్యం ఉంది. గుడ్డు పోయాక ఆ పిల్ల పరిగెడుతూ అగాధంలో పడుతుంది. నీళ్ళలో ఎదిగిన తన రూపమే ఎదురై ఆమెని తాకుతుంది. ఆమె నోట్లోంచి వెలువడిన ఆఖరి ఊపిరి బుడగలు పైకి తేలి, నీటి మీదకి రాగానే లెక్కలేనన్ని గుడ్లవుతాయి. ఒకటి పగిలితే గానీ అన్ని వచ్చేవి కావేమో. విప్పి చెప్పే వీడియోల్లో చాలావాటికి ఇది ఇబ్బంది కలిగించే ఘట్టం. గుడ్డు ఖాళీ, నమ్మకం వట్టిది అని తేల్చేశాక ఇన్ని గుడ్లు ఎక్కడి నుంచి వచ్చాయో చెప్పలేరు.

వాడికి నేను ఇచ్చిన జవాబు ఇది. పగలగొట్టినవాడికి ఏం తెలిసింది? దెబ్బ వేశాక అతని మొహం మీద గానీ, పెంకుల లోపల గానీ సినిమా ఆగదు. మనకి కనిపించేవి పొద్దున మిగిలిన పెంకులే. లోపల ఖాళీనా, పిల్ల నమ్మినట్టు పక్షి ఉందా అన్నది అతను ఎవరికీ చెప్పలేదు. తర్వాత ఒడ్డున నిలబడి, చుట్టూ తెల్లని ఈకలు ఎగురుతుంటే, సముద్రంలోంచి పెద్ద కన్ను లాంటి గోళమొకటి పైకి లేవడం చూస్తాడు. దాని మీద వరసలుగా రాతి విగ్రహాలు. వాటిలో ఒకటి ఆ పిల్ల, ఒడిలో గుడ్డు పెట్టుకుని కూర్చుని ఉంటుంది. తెలుసుకోవాలని గుడ్డు పగలగొట్టినవాడికి చివరికి దక్కింది ఇంకో గుడ్డు, అదీ రాతిది, అందనంత ఎత్తులో.

ఆ తర్వాత కెమెరా పైకి పోతుంది. ఒడ్డు చిన్నదవుతుంది, నేల చిన్నదవుతుంది, చుట్టూ సముద్రమే. ఇంతసేపూ వాళ్ళు తిరిగిన నేల బోర్లాపడ్డ పెద్ద ఓడ అడుగు ఆకారంలో కనిపిస్తుంది. మూడ్ తప్ప ఇంకేమీ లేదనేవాళ్ళకి నేను చూపించేది ఈ షాటే. పావురం కథ, రాళ్ళయిన జంతువులు, గోడల్లో శిలాజాలు, అన్నీ ఈ ఒక్క ఆకారంలోకి వచ్చి కూర్చుంటాయి. ఇది ముందే వేసుకున్న లెక్క.

దీని మీద కూడా మా వాడితో తెగలేదు. “బోర్లాపడ్డ ఓడ అంటే కథ అయిపోయినట్టే కదా అన్నయ్యా, లోపలున్నవాళ్ళు పోయినట్టేగా” అంటాడు. మునగలేదు కదరా, తేలుతూనే ఉంది, పైగా దాని మీద ఒకడు ఇంకా నిలబడి చూస్తున్నాడు అంటాను నేను. సరే, మళ్ళీ చూసి చెప్తానన్నాడు. ఈసారి మంట షాట్ దగ్గర ఫోను చూసుకోకుండా చూడమన్నాను.